1974 దాకా అమెరికా ఆడవాళ్ళకి బ్యాంకులో అప్పు పుట్టేది కాదా?

శ్రావణి_డాలస్
వాట్సాప్‌లో ఒక ఫార్వర్డ్ తెగ తిరుగుతోంది. 1974 వరకు అమెరికాలో ఆడవాళ్ళు సొంతంగా బ్యాంకు ఖాతా తెరవడానికి లేదు, క్రెడిట్ కార్డు తీసుకోవడానికి లేదు అని. దీని మీద మా ఇంట్లో పెద్ద గొడవ. మామయ్యగారేమో "ఈ దేశంలో ఆడవాళ్ళు మొదట్నుంచీ మహారాణులు, ఇదంతా ఎవరో అల్లిన కథ" అంటున్నారు. మా పక్కింటావిడకి ఎనభై దాటాయి, ఇక్కడే పుట్టి పెరిగింది. ఆవిడేమో "నేను ఉద్యోగం చేస్తున్నా ఇంటి అప్పుకి నా జీతం లెక్కలోకే తీసుకోలేదు" అంటోంది. ఏది నిజం? సంవత్సరాలతో సహా చెప్పండి. ఫార్వర్డ్‌కి ఇంకో ఫార్వర్డ్ జవాబుగా పెట్టొద్దు దయచేసి.

వెంకట్_బెజవాడ
అతిగా చెప్తున్నారు. వాళ్ళకి 1920లోనే ఓటు వచ్చింది. ఓటున్న మనిషికి బ్యాంకు ఖాతా ఉండదా?

పాతపేపరు
వెంకట్, ఓటుకీ అప్పుకీ సంబంధం లేదు. శ్రావణి గారూ, ఆ ఫార్వర్డ్‌లో సగమే నిజం. బ్యాంకు ఖాతా విషయం తప్పు. చాలా రాష్ట్రాల్లో 19వ శతాబ్దం నుంచే ఆడవాళ్ళకి ఖాతాలు ఉన్నాయి. క్రెడిట్ కార్డు ఇవ్వకూడదనే చట్టం కూడా ఎక్కడా లేదు. కాకపోతే "ఆడదానివి కాబట్టి ఇవ్వను" అంటే తప్పని చెప్పే దేశవ్యాప్త చట్టం కూడా అప్పట్లో లేదు. బ్యాంకువాడి ఇష్టం. పెళ్ళి కానివాళ్ళని తండ్రి సంతకం తెమ్మనేవారు. విడాకులు తీసుకున్నవాళ్ళకి, భర్త పోయినవాళ్ళకి పాత కార్డు రద్దు చేసేవారు, ఎందుకంటే చెల్లింపుల చరిత్ర అంతా భర్త పేరు మీదే ఉండేది. ఇంటి అప్పు దగ్గర భార్య జీతంలో సగమే లెక్కేసేవారు, కొన్నిచోట్ల అదీ లేదు. రేపు పిల్లలు పుడితే ఉద్యోగం మానేస్తుందని వాళ్ళ వాదన. ఇక పిల్లలు పుట్టరని డాక్టరు దగ్గర ఉత్తరం తెమ్మన్న సందర్భాలు కూడా ఉన్నాయి. మీ పక్కింటావిడ చెప్పింది నూటికి నూరు పాళ్ళు జరిగే పనే.

1974 అక్టోబరులో సమాన రుణ అవకాశాల చట్టం వచ్చింది, మరుసటి ఏడాది నుంచి అమలైంది. దాని వెనక నాకు ఎంతో ఇష్టమైన కథ ఒకటి ఉంది. లూసియానా నుంచి లిండీ బాగ్స్ అనే కాంగ్రెస్ సభ్యురాలు ఉండేవారు. బిల్లు ముసాయిదాలో జాతి, వయసు లాంటివి ఉన్నాయి కానీ ఆడ, మగ ప్రస్తావన లేదు. ఆవిడ ఆ రెండు మాటలు, అంటే లింగం, వివాహ స్థితి, చేత్తో రాసి, కమిటీలో అందరికీ సరిపడా జిరాక్స్ తీయించి పంచేశారు. పొరపాటున వదిలేసి ఉంటారు, మీ అందరికీ సమ్మతమే కదా అన్నట్టు తియ్యగా చెప్పారు. ఎవరూ నోరెత్తలేదు.

శ్రావణి_డాలస్
జిరాక్స్ కథ అద్భుతం! ఇది మామయ్యగారికి చదివి వినిపిస్తాను.

పిట్స్‌బర్గ్_పెద్దమ్మ
మేము 1971లో వచ్చాం. ఆయన డాక్టరు, నేను హైదరాబాదులో ఎమ్మెస్సీ చేసి వచ్చాను. ఒక పెద్ద బట్టల దుకాణంలో కార్డుకి దరఖాస్తు పెడితే కార్డు వచ్చింది, దాని మీద నా పేరు లేదు. మిసెస్ అని రాసి పక్కన ఆయన పేరు. నేను సంపాదించడం మొదలుపెట్టాక కూడా అంతే.

పేపర్లో ఉద్యోగ ప్రకటనలు కూడా విడివిడిగా ఉండేవి. మగవాళ్ళకి ఆసక్తి ఉన్నవి ఒక వరస, ఆడవాళ్ళకి ఆసక్తి ఉన్నవి ఒక వరస. లాబ్ ఉద్యోగాలన్నీ మొదటి వరసలో, టైపిస్టు, రిసెప్షనిస్టు రెండో వరసలో. మా ఊరి పత్రిక పిట్స్‌బర్గ్ ప్రెస్ ఈ పద్ధతి మానదలచుకోక సుప్రీం కోర్టు దాకా వెళ్ళి 1973లో ఓడిపోయింది. అప్పుడు ఆపారు. ఈ కాలం పిల్లలకి చెప్తే నమ్మరు.

గుంటూరు_అనిత
పెద్దమ్మగారూ, మరి మీరు ఏ వరసలో వెతికారు?

పిట్స్‌బర్గ్_పెద్దమ్మ
మొదటి వరసలోనే అమ్మా. రెండో వరసలో నా చదువుకి పని లేదు. ఒక చోట ఇంటర్వ్యూలో పిల్లల్ని ఎప్పుడు కంటావని అడిగారు. మర్యాదగానే అడిగారు, అది అడగకూడని ప్రశ్న అని అప్పుడు ఎవరికీ తోచేది కాదు, నాకూ తోచలేదు. ఉద్యోగం ఇవ్వలేదు. ఇంకో చోట దొరికింది.

మా స్నేహితురాలు ఒకావిడ బడిలో టీచరు. కడుపు కనపడేలోపు మానేయాలని రూలు. క్లీవ్‌లండ్‌లో అయితే కాన్పుకి ఐదు నెలల ముందే జీతం లేని సెలవు మీద వెళ్ళిపోవాలి. అది కూడా 1974లోనే సుప్రీం కోర్టు కొట్టేసింది. గర్భిణి అని ఉద్యోగంలోంచి తీసేయడం చెల్లదని చట్టం వచ్చింది మాత్రం 1978లో.

లాయర్_సుబ్బు
ఇదంతా ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్తాను, కాస్త ఓపిక పట్టండి. ఇంగ్లండు నుంచి వలస వచ్చినవాళ్ళు తమ చట్టం కూడా తెచ్చుకున్నారు. దాన్ని కవర్చర్ అంటారు. పెళ్ళయిన క్షణం నుంచి చట్టం కంటికి భార్య విడిగా కనపడదు. ఆమె పేరున ఆస్తి కొనలేదు, అమ్మలేదు, ఒప్పందం రాసుకోలేదు, కోర్టులో దావా వేయలేదు. బట్టలు కుట్టి సంపాదించిన డబ్బు కూడా భర్తదే. విడిపోతే పిల్లలు తండ్రికే. పెళ్ళి కానివాళ్ళకి, భర్త పోయినవాళ్ళకి మాత్రం ఇవన్నీ ఉండేవి.

1776 మార్చిలో అబిగైల్ ఆడమ్స్ తన భర్త జాన్ ఆడమ్స్‌కి రాసిన ఉత్తరం ప్రసిద్ధం. కొత్త చట్టాలు రాసేటప్పుడు ఆడవాళ్ళని గుర్తుపెట్టుకో, భర్తల చేతిలో అంత అధికారం పెట్టొద్దు అని రాసింది. ఆయన నవ్వి ఊరుకున్నాడు. తర్వాత ఆయనే దేశానికి రెండో అధ్యక్షుడు.

ఆస్తి చట్టాలు రాష్ట్రాల వారీగా మెల్లగా మారాయి. మొదట్లో వచ్చినవాటిలో పేరున్నది మిసిసిపీలో, 1839. ఇక్కడ ఒక చేదు నిజం. ఆ చట్టం భార్యకి కాపాడిన ఆస్తి ముఖ్యంగా బానిసలు. అంటే ఒక ఆడదానికి హక్కు వచ్చిందంటే, ఆ హక్కు ఇంకో ఆడదాన్ని సొంతం చేసుకోవడానికే. న్యూయార్కు చట్టం 1848 ఏప్రిల్‌లో వచ్చింది. సొంత సంపాదన సొంతమే అని అక్కడ ఒప్పుకోవడానికి 1860 దాకా పట్టింది.

గుంటూరు_అనిత
అంటే పెళ్ళి చేసుకుంటే ఉన్నవి కూడా పోయేవన్నమాట. ఇంక ఎవరైనా ఎందుకు చేసుకున్నారో!

చరిత్రపిచ్చి
చేసుకోకపోతే తిండి ఎలా అనిత గారూ? ఆడవాళ్ళకి దొరికే పనులకి వచ్చే కూలి అంత తక్కువ. ఇంకో సంగతి. ఎడిసన్, జెర్సీ సిటీల్లో ఉన్న మనవాళ్ళు వినండి. న్యూజెర్సీ 1776 రాజ్యాంగం యాభై పౌండ్ల ఆస్తి ఉన్న ప్రతి నివాసికీ ఓటు ఇచ్చింది. మగవాళ్ళకే అని రాయలేదు. దాంతో ఆస్తి ఉన్న పెళ్ళి కాని ఆడవాళ్ళు, వితంతువులు, స్వేచ్ఛ పొందిన నల్లజాతివాళ్ళు ఓటు వేశారు. 1807లో పార్టీల గొడవల మధ్య దాన్ని తీసేశారు. ఇచ్చిన హక్కుని వెనక్కి లాక్కోవడం ఈ దేశంలో కొత్త కాదు.

ఎడిసన్_కిరణ్
ఇరవై ఏళ్ళుగా ఇక్కడ ఉంటూ ఈ మాట ఇప్పుడే వింటున్నా. పిల్లల పుస్తకాల్లో కూడా చూసిన గుర్తు లేదు.

వెంకట్_బెజవాడ
సరే, ఏదైతేనేం 1920లో అందరికీ ఓటు వచ్చింది కదా. మనకి 1952 ఎన్నికల దాకా అందరికీ లేదు. నా పాయింటు అదే.

కరీంనగర్_కవిత
ఆ "అందరికీ" దగ్గరే నాకు అభ్యంతరం. 1920 నాటి 19వ రాజ్యాంగ సవరణ చెప్పింది ఒక్కటే, ఆడదన్న కారణంతో ఓటు ఆపకూడదని. దక్షిణాది రాష్ట్రాలు వేరే కారణాలు చూపించాయి. ఓటు పన్ను, చదువు పరీక్ష, అదీ కాకపోతే కొట్టడం.

ఫానీ లూ హేమర్ అనే ఆవిడ మిసిసిపీలో పత్తి తోటలో పనిచేసేవారు. ఇరవై మంది తోబుట్టువుల్లో చివరిది. 1962 ఆగస్టులో ఓటరుగా నమోదు కావడానికి ఇండియానోలా పట్టణానికి వెళితే, రాష్ట్ర రాజ్యాంగంలో ఒక భాగం చదివి అర్థం రాయమన్నారు. తప్పిందన్నారు. ఇంటికి వచ్చేసరికి తోట యజమాని దరఖాస్తు వెనక్కి తీసుకో, లేకపోతే వెళ్ళిపో అన్నాడు. పద్దెనిమిదేళ్ళు పనిచేసిన చోటు నుంచి ఆ రాత్రే బయటికి వెళ్ళింది. మరుసటి ఏడాది వినోనా జైల్లో ఆమెని కొట్టిన దెబ్బలకి మూత్రపిండం దెబ్బతింది. 1964లో అట్లాంటిక్ సిటీలో డెమోక్రటిక్ పార్టీ మహాసభలో టీవీ కెమెరాల ముందు ఇదంతా చెప్పింది. ఓటింగ్ హక్కుల చట్టం వచ్చింది 1965 ఆగస్టులో. 1920కీ దానికీ మధ్య 45 ఏళ్ళు. ఆ 45 ఏళ్ళలో ముసలివాళ్ళై పోయినవాళ్ళని ఏ లెక్కలో వేద్దాం?

నేటివ్ అమెరికన్లకి పౌరసత్వమే 1924లో వచ్చింది. ఆరిజోనా, న్యూ మెక్సికోల్లో వాళ్ళకి ఓటు 1948లో. చైనా నుంచి వచ్చినవాళ్ళు 1943 దాకా, మన దేశం నుంచి వచ్చినవాళ్ళు 1946 దాకా పౌరులు కావడానికే వీల్లేదు.

వెంకట్_బెజవాడ
హేమర్ గారి గురించి నాకు తెలియదు. బాధగా ఉంది. కానీ ఉద్యమం నడిపినవాళ్ళు అందరి కోసమే పోరాడారు కదా?

చరిత్రపిచ్చి
అందరూ కాదు. 1848 జులైలో న్యూయార్కు రాష్ట్రంలోని సెనెకా ఫాల్స్ ఊళ్ళో ఆడవాళ్ళ హక్కుల సభ జరిగినప్పుడు ఓటు తీర్మానం గట్టెక్కడానికి ఫ్రెడరిక్ డగ్లస్ ప్రసంగం సాయపడింది. ఆయన ఒకప్పుడు బానిస. ఆ సభ చేసిన హక్కుల ప్రకటన మీద 68 మంది ఆడవాళ్ళు, 32 మంది మగవాళ్ళు సంతకం పెట్టారు. అంతర్యుద్ధం అయ్యాక నల్లజాతి మగవాళ్ళకి ఓటు ఇచ్చే 15వ సవరణ వచ్చేసరికి, ఆడవాళ్ళని వదిలేశారన్న కోపంతో ఉద్యమ నాయకురాళ్ళు ఎలిజబెత్ కేడీ స్టాంటన్, సూసన్ ఆంథొనీ దాన్ని వ్యతిరేకించారు. స్టాంటన్ అప్పుడు నల్లవాళ్ళ గురించి, వలసవాళ్ళ గురించి రాసినవి చదివితే మనసు విరిగిపోతుంది. 1869లో ఉద్యమం రెండు ముక్కలైంది. మళ్ళీ కలవడానికి 1890 దాకా పట్టింది.

1913 మార్చి 3న వాషింగ్టన్‌లో పెద్ద ఊరేగింపు జరిగింది. దక్షిణాది వాళ్ళు నొచ్చుకుంటారని నల్లజాతి పాత్రికేయురాలు ఐడా బి. వెల్స్‌ని వెనక నడవమన్నారు. ఆవిడ జనంలో నిలబడి, ఇల్లినాయి బృందం వచ్చేదాకా ఆగి, మధ్యలోకి వచ్చి తన బృందంతోనే నడిచింది.

కరీంనగర్_కవిత
ఆ ఒక్క పని చాలు, ఆవిడకి దండం పెట్టాలి.

నాష్‌విల్_రాజు
మా టెనెసీ మాట ఎవరూ ఎత్తలేదేం? 19వ సవరణకి 36 రాష్ట్రాలు ఒప్పుకోవాలి, 36వది మాదే. 1920 ఆగస్టు 18. వ్యతిరేకులు ఎర్ర గులాబీ, అనుకూలురు పసుపు గులాబీ పెట్టుకున్నారు. హారీ బర్న్ అనే 24 ఏళ్ళ సభ్యుడు ఎర్ర గులాబీతోనే వచ్చాడు. జేబులో వాళ్ళమ్మ రాసిన ఉత్తరం, మంచి పిల్లాడిలా ఓటుకి మద్దతు ఇవ్వమని. ఓట్లు సమానంగా నిలిచిన చోట అతను అటు నుంచి ఇటు వచ్చాడు. నాక్స్‌విల్‌లో తల్లీకొడుకుల విగ్రహం ఉంది, పిల్లల్ని తీసుకెళ్ళి చూపించాను. అమ్మ ఫోన్ ఎత్తని కొడుకులందరికీ చూపించాల్సిన విగ్రహం.

పాతపేపరు
ముచ్చటైన కథే రాజు గారూ. కానీ ఒక అమ్మ ఉత్తరంతో వచ్చినట్టు చెప్పుకోవడం నాకు నచ్చదు. దాని వెనక 72 ఏళ్ళు ఉన్నాయి. సూసన్ ఆంథొనీ 1872లో రోచెస్టర్‌లో ఓటు వేసినందుకు అరెస్టయింది. 100 డాలర్ల జరిమానా వేస్తే చచ్చేదాకా కట్టలేదు. 1917లో వైట్‌హౌస్ గేటు ముందు బోర్డులు పట్టుకుని మౌనంగా నిలబడినవాళ్ళని ఆకోక్వాన్ జైల్లో పెట్టి, నవంబరు 14 రాత్రి చావబాదారు. అన్నం మానేసిన వాళ్ళ నాయకురాలు ఆలిస్ పాల్‌కి గొంతులోకి గొట్టం పెట్టి తిండి పోశారు. సెనెకా ఫాల్స్‌లో సంతకం పెట్టినవాళ్ళలో 1920 దాకా బతికి ఉన్నది ఒక్క షార్లెట్ వుడ్‌వర్డ్. ఆవిడ కూడా అనారోగ్యంతో ఓటు వేయలేకపోయింది.

నాష్‌విల్_రాజు
అది ఒప్పుకుంటాను. అయినా విగ్రహం చూడండి.

లాయర్_సుబ్బు
మనవాళ్ళకి నేరుగా తగిలిన సంగతి ఒకటి మిగిలింది. 1907 చట్టం ప్రకారం అమెరికన్ స్త్రీ విదేశీయుణ్ణి పెళ్ళాడితే ఆమె పౌరసత్వం పోయేది. మగవాడికి అలాంటిదేమీ లేదు. కాలిఫోర్నియాలో పుట్టిన ఎథెల్ మెకంజీ బ్రిటిష్ పౌరుణ్ణి చేసుకుని, ఓటు వేయబోతే నువ్వు పౌరురాలివి కాదన్నారు. 1915లో సుప్రీం కోర్టు కూడా అదే అంది. 1922లో కేబుల్ చట్టం వచ్చి దీన్ని చాలావరకు సరిచేసింది. కానీ పౌరసత్వానికి అర్హత లేని జాతివాణ్ణి చేసుకుంటే మాత్రం పోతుంది అని మెలిక పెట్టారు. అంటే ఆసియావాళ్ళు. 1923లో భగత్ సింగ్ థిండ్ కేసులో భారతీయులు తెల్లవాళ్ళు కారు, పౌరులు కాలేరు అని తీర్పు. దాంతో భారతీయుణ్ణి చేసుకున్న అమెరికన్ స్త్రీ సొంత దేశంలోనే పరాయిదైంది. స్వాతంత్ర్యోద్యమ నాయకుడు తారక్‌నాథ్ దాస్ భార్య మేరీ అమెరికాలో పుట్టినావిడే, ఆమెకీ పౌరసత్వం లేకుండా చేశారు. ఆ మెలిక తీసింది 1931లో.

సియాటిల్_సునంద
ఇది చదివాక రాయకుండా ఉండలేకపోయాను. నేను హెచ్4 మీద, అంటే ఉద్యోగ వీసా ఉన్నవాళ్ళ భార్యకో భర్తకో ఇచ్చే వీసా మీద వచ్చాను. బీటెక్, హైదరాబాదులో మంచి ఉద్యోగం, అన్నీ వదిలి. ఇక్కడ నా వీసా ఆయన వీసాకి తోక. ఆయన ఉద్యోగం పోతే నా ఉనికి పోతుంది. 2015 మే నుంచి కొందరు హెచ్4 వాళ్ళకి పని అనుమతి వచ్చింది, కానీ భర్త గ్రీన్‌కార్డు దరఖాస్తులో ఐ-140 అనే, కంపెనీ పెట్టే ఫారానికి ఆమోదం లాంటి షరతు దాటాలి. మాకు అది రావడానికి ఏళ్ళు పట్టింది. ఆ ఏళ్ళలో నా పేరు మీద ఫోన్ కనెక్షన్ కూడా లేదు. సుబ్బు గారు చెప్పిన పాత చట్టం గురించి చదువుతుంటే నా గురించే రాసినట్టు ఉంది.

వెంకట్_బెజవాడ
సునంద గారూ, మీ కష్టం అర్థమైంది కానీ ఇది వీసా రూలు. ఆడ, మగ తేడా లేదు. మా తమ్ముడు కూడా భార్య వెనక హెచ్4 మీద వెళ్ళి ఇంట్లో కూర్చున్నాడు.

సియాటిల్_సునంద
కాగితం మీద తేడా లేదు. మీ తమ్ముడి బాధ కూడా బాధే. కానీ హెచ్4 మీద పని అనుమతి తీసుకున్నవాళ్ళలో అత్యధికం ఆడవాళ్ళే, వాళ్ళలోనూ ఎక్కువమంది మన దేశంవాళ్ళే. ఇంట్లో కొట్టే మొగుడు ఉన్న అమ్మాయి పోలీసులకి ఫోన్ చేయడానికి వీసా గురించి ఆలోచించాల్సి రావడం నేను కళ్ళారా చూశాను. ఆ అమ్మాయికి ఇది వట్టి రూలు కాదు.

లాయర్_సుబ్బు
అలాంటి పరిస్థితిలో ఉన్నవాళ్ళు ఎవరైనా చదువుతుంటే ఒక మాట. గృహహింసకి గురైన హెచ్4 వాళ్ళు విడిగా పని అనుమతి అడిగే వీలు చట్టంలో ఉంది. భర్తకి చెప్పకుండానే వలస చట్టాల లాయరుని కలవండి.

గుంటూరు_అనిత
బరువెక్కింది కాబట్టి కొంచెం మా ఊరి మాట. అమెరికాలో వైద్య కళాశాలలు ఆడవాళ్ళని చేర్చుకోని రోజుల్లో ఫిలడెల్ఫియాలో 1850లో ఆడవాళ్ళ కోసమే కాలేజీ పెట్టారు. ఆనందీబాయి జోషి 1886లో పట్టా తీసుకుంది అక్కడే. అదే కాలేజీలో 1879లో చదువు ముగించిన అన్నా కుగ్లర్ 1883లో గుంటూరు వచ్చారు. మొదట మిషన్ వాళ్ళు ఆవిడని చదువు చెప్పే పనికే పంపారు, వైద్యం తర్వాత ఒప్పుకున్నారు. ఆవిడ పెట్టిన ఆసుపత్రి ఇప్పటికీ కుగ్లర్ ఆసుపత్రే. మా అమ్మమ్మ కాన్పులన్నీ అక్కడే. సొంత దేశంలో ఆడ డాక్టర్లకి ఆసుపత్రుల తలుపులు సరిగా తెరుచుకోని రోజులు, మా ఊళ్ళో ఘోషా ఆడవాళ్ళకి మగ డాక్టరు చెయ్యి పట్టుకోవడానికి లేని రోజులు. ఆ రెండూ కలిసి మా ఊరికి ఒక ఆసుపత్రి వచ్చింది.

పిట్స్‌బర్గ్_పెద్దమ్మ
నేనూ అక్కడే పుట్టాను అనితా!

శ్రావణి_డాలస్
నాకు ఒక సందేహం. ఇన్ని చట్టాలు విడివిడిగా ఎందుకు? ఆడ, మగ సమానమని రాజ్యాంగంలో ఒక్క వాక్యం రాస్తే పోయేది కదా?

చరిత్రపిచ్చి
ఆ వాక్యం ఆలిస్ పాల్ 1923లోనే రాసి ఇచ్చింది. సమాన హక్కుల సవరణ. కాంగ్రెస్ దాటడానికి 1972 పట్టింది. 38 రాష్ట్రాలు కావాలి, 1982 గడువు అయ్యేసరికి 35 దగ్గర ఆగింది. ఆపడానికి ముందు నిలబడింది కూడా ఒక ఆడమనిషే, ఫిలిస్ ష్లాఫ్లీ. సమానత్వం వస్తే భార్యకి భర్త పోషణ పోతుంది, ఆడపిల్లలని సైన్యంలోకి లాగుతారు అని ఇంటింటికీ చెప్పింది. ఆమెతో నేను ఏకీభవించను, కానీ ఇంటిపట్టున ఉన్న లక్షల మంది ఆమె మాట ఎందుకు విన్నారో ఆలోచించాలి. చేతిలో ఉన్న కొద్దిపాటి భద్రత పోతుందేమోనన్న భయం అది. తర్వాత నెవాడా 2017లో, ఇల్లినాయి 2018లో, వర్జీనియా 2020లో ఒప్పుకున్నాయి. లెక్క 38కి చేరింది. గడువు దాటిందన్న వివాదంతో రాజ్యాంగంలో ఇంకా చేర్చలేదు.

కరీంనగర్_కవిత
రాజ్యాంగంలో లేకపోతే ఏమవుతుందో 2022 జూన్ 24న చూశాం. 1973లో గర్భస్రావం హక్కు ఇచ్చిన తీర్పుని అదే కోర్టు కొట్టేసింది. ఆ మొదటి కేసు మొదలైంది శ్రావణి గారి డాలస్‌లోనే.

వెంకట్_బెజవాడ
దాని మీద నా అభిప్రాయం వేరు. కడుపులో బిడ్డ సంగతి కూడా చూడాలి.

నిర్వాహకుడు
గర్భస్రావం మీద వాదన వద్దని కాదు, దానికి వేరే చర్చ తెరవండి. ఇక్కడ కొనసాగితే తక్కినదంతా మునిగిపోతుంది.

ఎడిసన్_కిరణ్
సరే, విషయం మారుస్తాను. ప్రసూతి సెలవు సంగతి ఎవరూ రాయలేదు. మా ఆవిడ పనిచేసేది చిన్న కంపెనీ. 1993 చట్టం 12 వారాల సెలవు ఇస్తుంది కానీ జీతం లేదు, అదీ యాభై మంది ఉద్యోగులు ఉంటేనే. ఆవిడకి అది కూడా వర్తించలేదు. కాన్పు అయిన నెలకే లాప్‌టాప్ ముందు కూర్చుంది. నా చెల్లెలికి హైదరాబాదులో 26 వారాలు జీతంతో వచ్చింది. మా అత్తగారు "ఇంత పెద్ద దేశంలో ఇదేం రూలు" అని ఆశ్చర్యపోయారు.

కరీంనగర్_కవిత
మీ చెల్లెలికి వచ్చింది, సంతోషం. మా ఊళ్ళో నాట్లు వేసేవాళ్ళకి ఆ 26 వారాలు లేవు. అక్కడైనా ఇక్కడైనా ఏ ఆడవాళ్ళకి అని అడగాల్సిందే.

రాలీ_మాధవి
ఇప్పటిదాకా ఊరికే చదువుతున్నాను. ఆ సమాన హక్కుల సవరణకి ఇంకా ఒప్పుకోని రాష్ట్రాలు ఏవి?

చరిత్రపిచ్చి
అలబామా, ఆరిజోనా, ఆర్కన్సా, ఫ్లోరిడా, జార్జియా, లూసియానా, మిసిసిపీ, మిసోరీ, నార్త్ కరోలినా, సౌత్ కరోలినా, ఓక్లహోమా, యూటా.

రాలీ_మాధవి
మా నార్త్ కరోలినా కూడానా! పోయిన ఏడాదే పౌరసత్వం వచ్చింది నాకు. మా ప్రాంతపు రాష్ట్ర సభ్యుడి ఆఫీసుకి సోమవారం ఫోన్ చేసి అడుగుతాను. ఏమన్నారో ఇక్కడే రాస్తాను.

పిట్స్‌బర్గ్_పెద్దమ్మ
ఫోన్‌తో పాటు ఉత్తరం కూడా రాయి తల్లీ. ఎలా రాయాలో కావాలంటే నాకు మెసేజ్ పెట్టు.